ఉక్కు తీగ మీద పాట, అంకెల్లో పాట



జంషెడ్‌పూర్ అనగానే మనకు ఉక్కు గుర్తుకు వస్తుంది. 1907లో ఏర్పడిన టాటా ఐరన్ అండ్ స్టీల్ కంపెనీ 1912 ఫిబ్రవరి 16న అక్కడ తన మొదటి ఉక్కు దిమ్మెను తయారు చేసింది. సాక్చి అనే పల్లె చుట్టూ పెరిగిన ఆ పారిశ్రామిక పట్టణానికి 1919లో జంషెడ్‌జీ టాటా పేరు పెట్టారు. శ్రీకాకుళం, విశాఖపట్నం వైపుల నుంచి ఉద్యోగాల కోసం వెళ్ళి అక్కడే స్థిరపడిన తెలుగు కుటుంబాలు ఎన్నో ఉన్నాయి. ఈ పాఠం చదువుతున్న మీలో కొందరు ఆ ఊరి కదమాలోనో, బిష్టుపూర్‌లోనో ఉండి ఉండవచ్చు.

ఆ ఊళ్లో ఒక కళాశాల విద్యార్థిని ఊహించుకోండి. రాత్రి చదువు ముగించి, చెవులకు హెడ్‌ఫోన్ తగిలించుకుని, బీటిల్స్ బృందం 1967లో విడుదల చేసిన 'సార్జెంట్ పెప్పర్స్ లోన్లీ హార్ట్స్ క్లబ్ బ్యాండ్' ఆల్బమ్ వింటున్నాడు. ఫోను తెర మీద 'లాస్‌లెస్' అన్న మాట కనిపిస్తోంది. అంటే నష్టం లేనిది అని అర్థం. ఏ నష్టం? ఎవరికి నష్టం? ఇన్నాళ్లూ మనం వింటున్న పాటలో ఏం పోయింది? ఈ ప్రశ్నలకు జవాబు వెతుక్కుంటూ వెళితే నూట పాతికేళ్ల చరిత్ర మన ముందు తెరుచుకుంటుంది. ఆ చరిత్ర ఉక్కు దగ్గరే మొదలవుతుంది.

ఉక్కు తీగ, ఇనుప పొడి

ఎడిసన్ 1877లో ఫోనోగ్రాఫ్ కనిపెట్టాడని మీరు చదువుకున్నారు. అందులో శబ్దం ఒక గాడిగా చెక్కబడుతుంది. డెన్మార్క్ దేశస్థుడు వాల్డెమార్ పౌల్సెన్ 1898లో మరో దారి చూపించాడు. ఆయన యంత్రం పేరు టెలిగ్రాఫోన్. ఉక్కు తీగను ఒక విద్యుదయస్కాంతం ముందు నుంచి లాగుతూ పోతే, మాటలోని హెచ్చుతగ్గులు ఆ తీగలో అయస్కాంత శక్తి హెచ్చుతగ్గులుగా నిలిచిపోతాయి. అదే తీగను మళ్లీ నడిపిస్తే మాట తిరిగి వినిపిస్తుంది. 1900లో పారిస్ ప్రదర్శనలో ఆస్ట్రియా చక్రవర్తి ఫ్రాన్జ్ జోసెఫ్ ఈ యంత్రంలో మాట్లాడారు. ఆ ముద్రణ నేటికీ పదిలంగా ఉంది.

ఉక్కును ఇలా వాడటం తేలిక కాదు. 1930లలో బీబీసీ రేడియో ఉక్కు పట్టీల మీద కార్యక్రమాలను ముద్రించేది. అరగంట కార్యక్రమానికి దాదాపు మూడు కిలోమీటర్ల పట్టీ కావలసి వచ్చేది. జర్మనీలో ఫ్రిట్జ్ ఫ్లాయిమర్ 1928లో ఈ కష్టానికి విరుగుడు కనిపెట్టాడు. మొత్తం ఉక్కు ఎందుకు, కాగితపు పట్టీ మీద అయస్కాంత గుణం ఉన్న పొడి పూస్తే చాలదా అన్నది ఆయన ఆలోచన. 1935లో ఏఈజీ సంస్థ బెర్లిన్ ప్రదర్శనలో చూపిన మాగ్నెటోఫోన్ ఆ ఆలోచన నుంచే పుట్టింది. కాలక్రమంలో కాగితం పోయి ప్లాస్టిక్ వచ్చింది. పొడి మాత్రం ఇనుప ఆక్సైడ్‌గా స్థిరపడింది.

రసాయన శాస్త్రం చదివే విద్యార్థులు ఇక్కడ ఒక్క క్షణం ఆగండి. నొవాముండి గనుల నుంచి జంషెడ్‌పూర్ కొలిమికి వచ్చే హెమటైట్ ఖనిజంలో ఇనుము, ఆక్సిజన్ ఏ నిష్పత్తిలో ఉన్నాయో, టేపు మీది గోధుమరంగు పొడిలోనూ అదే నిష్పత్తిలో ఉన్నాయి. అణువుల అమరిక మాత్రమే వేరు. ఆ అమరికలోని తేడా వల్ల ఒకటి ఉక్కుకు పనికివస్తే, మరొకటి పాటకు పనికివచ్చింది. ఇరవయ్యో శతాబ్దపు రెండో సగంలో ప్రపంచం విన్న సంగీతంలో ఎక్కువ భాగం ముందుగా ఈ ఇనుప పొడి మీదే నిలిచింది.

ప్రతి నకలులో కొంత నష్టం

లండన్ ఆబీ రోడ్‌లోని ఈఎంఐ స్టూడియోలో 'సార్జెంట్ పెప్పర్స్' తయారైనప్పుడు ఉన్నవి నాలుగు ట్రాకుల టేపు యంత్రాలు. అంటే ఒకేసారి నాలుగు వేర్వేరు వరుసలనే ముద్రించవచ్చు. బీటిల్స్‌కు, వారి నిర్మాత జార్జ్ మార్టిన్‌కు అది చాలలేదు. నాలుగు వరుసలు నిండిన తరువాత వాటిని కలిపి మరో యంత్రం మీద ఒకటి రెండు వరుసల్లోకి నకలు తీసేవారు. ఖాళీ అయిన వరుసల్లో కొత్త వాద్యాలు చేర్చేవారు. సౌకర్యం బాగానే ఉంది కాని, ప్రతి నకలుకీ టేపు హోరు కొంత పెరిగేది, అసలు ధ్వని స్పష్టత కొంత తగ్గేది.

స్టూడియో దాటిన తరువాత కూడా ఇదే కథ. అసలు టేపు నుంచి మరో టేపు, దాని నుంచి అచ్చు, అచ్చు నుంచి రికార్డు. మన దేశంలో 1902లో ఫ్రెడ్ గైస్‌బర్గ్ కలకత్తాలో గౌహర్ జాన్ పాటను ముద్రించినప్పుడు రికార్డులు జర్మనీలోని హానోవర్‌లో అచ్చయి తిరిగి వచ్చాయి. 1908లో కలకత్తాలోనే కర్మాగారం వచ్చింది. 1928లో అది డమ్‌డమ్‌కు మారింది. తరువాతి కాలంలో బీటిల్స్ రికార్డులు కూడా అక్కడ అచ్చయ్యాయి. హౌరా నుంచి టాటానగర్ రైలు దారి సుమారు 250 కిలోమీటర్లు. లండన్‌లో పాడిన పాట జంషెడ్‌పూర్ ఇంటికి చేరేలోగా ఎన్ని చేతులు మారిందో ఊహించండి. ఆపైన ప్రతిసారీ సూది గాడిని కొంచెం అరగదీసేది.

ఫిలిప్స్ సంస్థ 1963లో చిన్న క్యాసెట్‌ను తెచ్చాక నకలు తీయడం ఇంటి పని అయింది. అమెరికాలో 1965లో ఏర్పడిన గ్రేట్‌ఫుల్ డెడ్ అనే రాక్ బృందం తన కచేరీలను అభిమానులు ముద్రించుకుంటే అడ్డు చెప్పలేదు. 1984 నుంచి వారికోసం ప్రేక్షకుల మధ్య ప్రత్యేక స్థలమే కేటాయించింది. అభిమానులు టేపులను డబ్బుకు అమ్మకుండా ఒకరితో ఒకరు మార్చుకునేవారు. వాళ్లు టేపు గురించి మొదట అడిగే ప్రశ్న 'ఇది ఎన్నో తరం?' అని. అసలు నుంచి నేరుగా తీసినది మొదటి తరం. దాని నుంచి తీసినది రెండోది. ఐదో తరానికి వచ్చేసరికి గిటారు వెనుక హోరు కాదు, హోరు వెనుక గిటారు వినిపించేది. నష్టం లేని నకలు కావాలన్న పట్టుదల ఇలాంటి శ్రోతల్లోనే బలంగా పుట్టింది.

శబ్దం అంకెలైన వేళ

సోనీ, ఫిలిప్స్ సంస్థలు కలిసి రూపొందించిన కాంపాక్ట్ డిస్క్ 1982 అక్టోబరులో జపాన్‌లో అమ్మకానికి వచ్చింది. అందులో శబ్దం గాడిగానో, అయస్కాంత శక్తిగానో ఉండదు. అంకెలుగా ఉంటుంది. సెకనుకు 44,100 సార్లు శబ్ద తరంగం ఎత్తును కొలుస్తారు. ప్రతి కొలతనూ 16 బిట్లలో, అంటే 65,536 మెట్లలో ఒక మెట్టుగా రాస్తారు.

ఈ 44,100 ఎక్కడి నుంచి వచ్చింది? మనిషి చెవి గరిష్ఠంగా సెకనుకు సుమారు 20,000 కంపనాల దాకా వింటుంది. నైక్విస్ట్, షానన్ నిరూపించిన సూత్రం ప్రకారం దానికి రెట్టింపు కన్నా ఎక్కువసార్లు కొలిస్తే తరంగాన్ని తిరిగి సరిగ్గా నిర్మించవచ్చు. కనుక 40,000 దాటాలి. ఆ రోజుల్లో ఈ అంకెలను దాచడానికి వీడియో టేపు యంత్రాలను వాడేవారు. తెర మీద సెకనుకు 60 సార్లు, ప్రతిసారీ 245 గీతలు, గీతకు 3 కొలతలు. హెచ్చించి చూడండి, 44,100 వస్తుంది.

రెండు చెవులకు రెండు వరుసలు కనుక సెకనుకు 14,11,200 బిట్లు. నాలుగు నిమిషాల పాటకు సుమారు 42 మెగాబైట్లు. అంకెలకు ఒక గొప్ప గుణం ఉంది. వాటిని నూరుసార్లు నకలు తీసినా నూరో నకలు మొదటి దానిలాగే ఉంటుంది. 'ఎన్నో తరం' అన్న ప్రశ్నకు ఇక అర్థం లేదు. నష్టం సమస్య తీరిపోయిందనే అందరూ అనుకున్నారు.

కాని కొత్త ఇబ్బంది వచ్చింది. 1990లలో ఇంటర్నెట్ ఫోను తీగ మీద నడిచేది. 42 మెగాబైట్లు దింపుకోవడానికి గంటలు పట్టేది. ఈ ఇబ్బందికి రెండు పరిష్కారాలు వచ్చాయి. రెండింటి వెనుకా మన దేశంలో పుట్టినవారి కృషి ఉంది.

వదిలేసే దారి

మొదటి దారి ఎంపీ3. జర్మనీలోని ఫ్రౌన్‌హోఫర్ సంస్థలో కార్ల్‌హైంజ్ బ్రాండెన్‌బర్గ్ తదితరులు దీన్ని తీర్చిదిద్దారు. 1990ల మొదటి సంవత్సరాల్లో ఇది అంతర్జాతీయ ప్రమాణమైంది. దీని వెనుక ఆలోచన సులభమైనది. డప్పు మోగుతున్న క్షణంలో పక్కవాడి గుసగుస మనకు వినబడదు. ఆ గుసగుసను రాయకపోతే ఏం పోతుంది? ఇలా చెవికి అందదనుకున్న భాగాన్ని ఎంపీ3 తీసేస్తుంది. 128 కిలోబిట్ల వేగంలో పాట పదకొండో వంతుకు తగ్గుతుంది. 700 మెగాబైట్ల డిస్కులో దాదాపు 12 గంటల సంగీతం పడుతుంది. 2000 దశకంలో ఒక్క డిస్కులో నూటయాభై పాటలు అమ్మిన రహస్యం ఇదే.

ఏది వదలవచ్చో తెలియాలంటే ముందు శబ్దాన్ని స్వరాల వారీగా విడదీయాలి. అందుకు ఎంపీ3 వాడే గణితానికి మూలం 1974 జనవరిలో ప్రచురితమైన ఒక పరిశోధన పత్రం. దాని విషయం డిస్క్రీట్ కొసైన్ ట్రాన్స్‌ఫామ్. రచయితలు ముగ్గురు. బెంగళూరులో పుట్టిన నాసిర్ అహ్మద్, టి.నటరాజన్, పేరులోనే తెలుగుతనం ఉన్న కామిశెట్టి రామమోహనరావు. రావుగారు మద్రాసు గిండీ ఇంజనీరింగ్ కళాశాలలో చదివి అమెరికా వెళ్ళారు. 1966 నుంచి టెక్సాస్ విశ్వవిద్యాలయం ఆర్లింగ్టన్‌లో దశాబ్దాల పాటు బోధించి 2021లో కన్నుమూశారు. మీ ఫోనులో తీసే జేపెగ్ ఫొటో కూడా ఈ గణితం మీదే ఆధారపడి ఉంది.

ఎంపీ3ని మనం తప్పుపట్టనక్కర్లేదు. అది లేకపోతే సంగీతం ఇంతమందికి ఇంత త్వరగా చేరేది కాదు. కాని ఒకటి గుర్తుంచుకోండి. ఒకసారి వదిలేసిన భాగం మళ్లీ రాదు. ఎంపీ3ని విప్పి, దిద్ది, మళ్లీ ఎంపీ3 చేస్తే మరికొంత పోతుంది. క్యాసెట్ల నాటి తరాల సమస్య దొడ్డిదారిన తిరిగి వచ్చిందన్నమాట.

వదలని దారి

రెండో దారి ఏమీ వదలకుండా కుదించడం. ఇది ఎలా సాధ్యం? ఒక చిన్న లెక్క చేద్దాం. శబ్ద తరంగం కొలతలు వరుసగా 100, 104, 108, 113, 117 అనుకోండి. మొదటి రెండూ చూస్తే నాలుగు చొప్పున పెరుగుతున్నాయి. కనుక మూడోది 108 అని ఊహిస్తాం. నిజంగానే 108. తప్పు సున్న. నాలుగోది 112 అని ఊహిస్తాం, వచ్చింది 113. తప్పు ఒకటి. ఇప్పుడు అయిదు పెరిగింది కనుక అయిదోది 118 అనుకుంటాం, వచ్చింది 117. తప్పు మైనస్ ఒకటి. కనుక మనం రాసుకోవలసింది 100, 104, 0, 1, మైనస్ 1. పెద్ద అంకెల స్థానంలో చిన్న అంకెలు వచ్చాయి. చిన్న అంకెలకు తక్కువ చోటు చాలు. విప్పేవాడు ఇదే నియమంతో ఊహించి, తప్పును కలుపుకుంటూ పోతే అసలు కొలతలు ఒక్క అంకె తేడా లేకుండా తిరిగి వస్తాయి.

ఇలా గత కొలతల నుంచి రాబోయే కొలతను ఊహించే పద్ధతిని లీనియర్ ప్రిడిక్షన్ అంటారు. 1960లలో దీన్ని మాటల శబ్దానికి అన్వయించిన వారిలో జపాన్‌కు చెందిన ఇటాకురా, సైటోలతోపాటు అమెరికా బెల్ ల్యాబ్స్‌లో పనిచేసిన బిష్ణు అటల్ ముఖ్యులు. ఆయన 1933లో కాన్పూర్‌లో పుట్టారు. బెంగళూరు భారతీయ విజ్ఞాన సంస్థలో చదివారు. ఇక్కడొక విశేషం ఉంది. పెద్ద శబ్దం చిన్న శబ్దాన్ని కప్పేసే గుణాన్ని మాటల కుదింపులో ఎలా వాడుకోవచ్చో 1979లో మరో ఇద్దరితో కలిసి రాసిన వారిలోనూ ఆయన ఉన్నారు. అంటే వదిలేసే దారిలోనూ, వదలని దారిలోనూ ఆయన అడుగుజాడలు కనిపిస్తాయి.

చిన్న అంకెలను తక్కువ బిట్లలో రాసే పద్ధతి అంతరిక్షం నుంచి వచ్చింది. నాసాకు చెందిన జెట్ ప్రొపల్షన్ ల్యాబొరేటరీలో రాబర్ట్ రైస్ 1971లో వ్యోమనౌకలు పంపే చిత్రాల కోసం దాన్ని ప్రతిపాదించాడు. ఈ రెంటినీ కలిపి జాష్ కోల్సన్ రూపొందించిన ఫ్లాక్ మొదటి పూర్తి రూపం 2001లో వెలువడింది. ఎవరైనా ఉచితంగా వాడుకోవచ్చు, మార్చుకోవచ్చు. సాధారణంగా పాట సగానికో, మూడింట రెండు వంతులకో తగ్గుతుంది. ఫైలులోనే ఒక సరిచూపు సంఖ్య ఉంటుంది. విప్పిన శబ్దం అసలుతో సరిపోయిందో లేదో దానితో తేల్చుకోవచ్చు. కచేరీల ముద్రణలు మార్చుకునే రాక్ అభిమానులు అంతకుముందు షార్టెన్ అనే పద్ధతిని వాడేవారు. క్రమంగా వారు ఫ్లాక్‌కు మారారు.

కంపెనీలు తరువాత వచ్చాయి. ఆబీ రోడ్ ఇంజనీర్లు నాలుగేళ్లు శ్రమించి అసలు టేపుల నుంచి సిద్ధం చేసిన బీటిల్స్ ఆల్బములు 2009లో విడుదలయ్యాయి. ఆ ఏడాదే ఆపిల్ పండు ఆకారంలోని ఒక చిన్న యూఎస్‌బీ పరికరంలో అవన్నీ 24-బిట్ ఫ్లాక్‌గా వచ్చాయి. 2021లో ఆపిల్, 2025లో స్పాటిఫై తమ సంగీత సేవల్లో లాస్‌లెస్‌ను ప్రవేశపెట్టాయి.

నిజంగా తేడా వినబడుతుందా?

ఇప్పుడు మీరు అడగవలసిన ప్రశ్న ఇది. నిజాయితీగా జవాబు చెప్పాలంటే, చాలాసార్లు వినబడదు. తక్కువ వేగపు ఎంపీ3లో తాళాల మోత, చప్పట్ల చప్పుడు చెదిరినట్టు తెలుస్తాయి. 320 కిలోబిట్ల ఎంపీ3కి, లాస్‌లెస్‌కు తేడా చెప్పడం చాలామందికి కష్టం. సీడీని మించిన నాణ్యత గురించి మేయర్, మోరాన్ 2007లో ఒక పరీక్ష ఫలితాన్ని ప్రచురించారు. ఏది ఏదో చెప్పకుండా 554 సార్లు వినిపిస్తే, దాదాపు సగం సార్లు మాత్రమే సరైన జవాబు వచ్చింది. నాణెం ఎగరేసినా అంతే వస్తుంది.

మరో సంగతి. మామూలు బ్లూటూత్ హెడ్‌ఫోనుకు పాట చేరేముందు ఫోను దాన్ని మళ్లీ నష్టంతోనే కుదిస్తుంది. ఎంపీ3ని ఫ్లాక్‌గా మార్చినా పోయింది తిరిగి రాదు, ఫైలు మాత్రం లావెక్కుతుంది. ఇక మూలమే చెడిపోతే లాస్‌లెస్ ఏమీ చేయలేదు. 2008లో మెటాలికా బృందం విడుదల చేసిన 'డెత్ మాగ్నెటిక్' ఆల్బములో శబ్దాన్ని అతిగా పెంచి తరంగాల కొనలను కత్తిరించారని అభిమానులే గగ్గోలు పెట్టారు. కత్తిరించిన తరంగాన్ని లాస్‌లెస్ నమ్మకంగా కత్తిరించినట్టే దాస్తుంది.

అలాంటప్పుడు ఇంత శ్రమ ఎందుకు?

వినడానికీ దాచడానికీ తేడా ఉంది కనుక. బస్సులో వినడానికి ఎంపీ3 చాలు. రేపటి తరానికి అందించవలసిన ప్రతి వేరు. 2008 జూన్‌లో హాలీవుడ్ యూనివర్సల్ స్టూడియో ఆవరణలో జరిగిన అగ్నిప్రమాదంలో అసలు టేపులు ఎన్నో కాలిపోయాయి. ఆ నష్టం ఎంత పెద్దదో 2019లో గాని లోకానికి తెలియలేదు. మన దేశపు మొదటి టాకీ 'ఆలం ఆరా' 1931లో వచ్చింది. నేడు దాని ప్రింటు ఒక్కటీ లేదు. మరోవైపు గ్రేట్‌ఫుల్ డెడ్ 1977 మే 8న కార్నెల్ విశ్వవిద్యాలయంలో చేసిన కచేరీ టేపుల మీద చేతులు మారుతూ బతికింది. చివరకు అమెరికా లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్ జాతీయ ధ్వనిముద్రణల జాబితాలో చోటు సంపాదించింది. ఒకచోట దాచినది కాలిపోవచ్చు. పదిచోట్ల, నష్టం లేకుండా దాచినది నిలుస్తుంది.

టేపు శాశ్వతం కాదు. ఇనుప పొడిని పట్టి ఉంచే జిగురు గాలిలోని తేమను పీల్చుకుంటుంది. 1970, 80లలో తయారైన కొన్ని టేపులు జిగటగా మారి యంత్రానికి అంటుకుంటాయి. నిపుణులు వాటిని సుమారు 50 డిగ్రీల వేడిలో గంటల తరబడి ఆరబెట్టి, ఆ తరువాత నకలు తీస్తారు. మన వానాకాలపు తేమలో ఈ బెడద మరీ ఎక్కువ.

అందుకే మీకు ఒక పని చెబుతున్నాను. మీ ఇంటి అటక మీద పాత క్యాసెట్ ఉందేమో చూడండి. ఊరి నుంచి తాతయ్య మాట్లాడి పంపిన ఉత్తరం కావచ్చు, పెళ్లి పాటలు కావచ్చు, కాలనీ శ్రీరామనవమి ఉత్సవంలో ఎవరో పాడిన కీర్తన కావచ్చు. దానికి మరో ప్రతి లేదు. మంచి టేప్‌రికార్డరు సంపాదించి, దాని తల శుభ్రం చేసి, కంప్యూటరుకు కలిపి ముద్రించండి. ధ్వని భాండాగారాల అంతర్జాతీయ సంఘం సెకనుకు 48,000 కొలతలు, 24 బిట్లు కనీసంగా ఉండాలని సూచిస్తోంది. ఫ్లాక్‌గా దాచండి. రెండు మూడు చోట్ల ప్రతులు పెట్టండి. ఎవరు, ఎప్పుడు, ఎక్కడ పాడారో రాసిపెట్టండి. వాట్సాప్‌లో పంపడానికి చిన్న ప్రతి వేరుగా చేసుకోండి. క్యాసెట్‌ను మాత్రం పారేయకండి.

బీటిల్స్ పాటలను కాపాడటానికి లండన్‌లో ఒక స్టూడియో ఉంది. మీ తాతయ్య గొంతును కాపాడటానికి మీరు తప్ప మరొకరు లేరు.